రెండు నిమిషాల్లో ఒగ్గు కథ
(హనుమకొండలో జర్నలిజం విద్యార్థులకు చేసిన ప్రసంగం)

మిత్రులకు నమస్కారం. ఓరుగల్లులో కళల మీద టీవీ వార్తలు చేయడం గురించి మాట్లాడమన్నారు. ముందే చెబుతున్నాను, జిల్లాలో ‘కళల విలేకరి’ అనే ఉద్యోగం దాదాపు ఉండదు. పొద్దున కలెక్టరేట్ ముందు ధర్నా, మధ్యాహ్నం ఎనుమాముల మార్కెట్లో మిర్చి ధర. ఏమీ దొరకని సాయంత్రం కళాకారుడు గుర్తుకొస్తాడు. వార్తలు కూర్చే డెస్కు అడిగేది రెండు నిమిషాలు: ఒక బైట్ (కెమెరా ముందు చెప్పిన చిన్న మాట), నాలుగు దృశ్యాలు, వాటి మీద మన గొంతు.

డోలు మోగిస్తూ మల్లన్న కథను పాడి, ఆడి చెప్పే ఒగ్గు కథ తెల్లవార్లూ సాగుతుంది. మనం డోలు దెబ్బలు, గెంతులు తీసుకొని వచ్చేస్తాం. ఆ ఒగ్గు పూజారే పట్నం అనే పూజా ముగ్గు వేసి మల్లన్న పెళ్లి జరిపిస్తాడన్న సంగతి తెరమీదికి రాదు. పూజ తీసేస్తే మిగిలేది వినోదమే. ప్రేక్షకుడు దాన్నే ఒగ్గు కథ అనుకుంటాడు.

చేర్యాలలో బట్ట మీద కథల పటాలు గీసే నకాషీల దగ్గరకు వెళ్తే అందరం రంగుల గురించే అడుగుతాం. ఖద్దరు బట్టకు గంజి, సుద్ద, చింతగింజల అంబలి పట్టించడం, ఎర్రటి నేపథ్యం, ఇవన్నీ కెమెరాకు ముద్దుగా ఉంటాయి. నేనైతే ముందు కొనేవాళ్ల గురించి అడగమంటాను. ఆ పటాలు గోడకు వేలాడదీయడానికి పుట్టినవి కావు. పద్మశాలీలకు కూనపులివారు, ముదిరాజులకు కాకిపడగలవారు ఊరూరా తిరిగి, పటం విప్పుతూ కులపురాణం చెప్పేవారు. నకాషీకి అసలు గిరాకీ వాళ్లే. సినిమా, ఆ తర్వాత టీవీ వచ్చి ఆ శ్రోతలను ఇళ్లల్లోకి లాక్కున్నాయి. మూరల కొద్దీ సాగే పటం చిన్న ఫ్రేములోకి, మాస్కులోకి కుదించుకుపోయింది. అలా చేసిన టీవీయే ఇప్పుడు మైకు పట్టుకొని “ఆదరణ ఎందుకు తగ్గింది?” అని అడుగుతుంది. కళాకారులు మర్యాదస్థులు కనుక సరిపోయింది!

పేరిణి నాట్యం విషయంలో ఇంకో తొందరపాటు. 1213 నాటి రామప్ప గుడిని చూపించి, ఎనిమిది వందల ఏళ్లుగా తెగకుండా వస్తున్న నాట్యమని చెప్పేస్తాం. మనం వేదిక మీద చూసేది నాట్యాచార్యులు నటరాజ రామకృష్ణ గారు కాకతీయుల కాలపు జాయప సేనాని రాసిన నాట్యగ్రంథం నృత్తరత్నావళిని, ఆ గుడి శిల్పాలను చదువుకొని 20వ శతాబ్దంలో తిరిగి నిలబెట్టిన రూపం. ఆ మాట చెబితే పేరిణి గొప్పతనం తరగదు, ఆయన శ్రమ కూడా కనబడుతుంది. 2021లో రామప్పకు యునెస్కో గుర్తింపు వచ్చినప్పుడైనా ఈ ముక్క మరింత వినిపించవలసింది.

జీతం సంగతి అడుగుతారని తెలుసు. స్ట్రింగర్‌గా (వార్తకింత చొప్పున డబ్బు తీసుకునే విలేకరిగా) చేరితే కళల వార్తల మీద ఇల్లు గడవదు. రాజకీయాలు, నేరాలు కూడా చేయండి, తప్పు లేదు. ఒక్క పని మాత్రం మానవద్దు. ప్రసారమయ్యేది రెండు నిమిషాలే, కెమెరా కార్డులో గంటన్నర ఉంటుంది. దాన్ని చెరిపే ముందు ఛానల్ అనుమతి తీసుకొని, పూర్తి రికార్డింగు ఒక కాపీ ఆ కళాకారుడి ఇంటికి చేర్చండి. ఏ ఊరు, ఏ కథ, ఎవరు పాడారు, తాళం ఎవరిది, అన్నీ రాసి మరీ ఇవ్వండి.