ఏటా గట్లు చూసుకునే ఊరు

శ్రోతలకు నమస్కారం.

పక్కవాడు గట్టు జరిపాడన్న మాటతో మొదలై, కోర్టు మెట్లెక్కి, రెండు తరాల పాటు తిరిగిన కుటుంబాలు మనందరికీ తెలుసు. అలాంటి తగాదా మొలక దశలో ఉండగానే ఊరే పొలానికి వెళ్లి తేల్చుకునే చోటు ఒకటి ఇంగ్లండులో ఉంది. ఆ పల్లె పేరు లాక్స్‌టన్. నాటింగ్‌హామ్‌షైర్ కౌంటీలో ఉంది. జనాభా కొన్ని వందలే. 1086లో ఇంగ్లండు రాజు విలియం రాయించిన భూముల లెక్కల్లోనే ఈ ఊరి పేరు కనిపిస్తుంది.

ఊరి మధ్యలో సెయింట్ మైకేల్ చర్చి. ఒక చర్చి కింద ఉండే ఊరినీ పొలాలనూ కలిపి అక్కడ పారిష్ అంటారు. ఇంగ్లండు పారిష్‌లలో ఒక పాత ఆచారం ఉండేది. ఏడాదికోసారి, వసంతకాలంలో, పాస్టరుగారూ ఊరి పెద్దలూ పిల్లలను వెంటబెట్టుకుని పారిష్ పొలిమేర చుట్టూ నడిచేవారు. సరిహద్దు రాయి దగ్గర ఆగి, పిల్లవాడిని ఎత్తి ఆ రాయికి తాటించేవారు. పటాలు లేని కాలంలో పొలిమేర ఎక్కడుందో ఆ పిల్లవాడు ముసలివాడయ్యేదాకా మరిచిపోకూడదు, అందుకు. ఇప్పటికీ కొన్ని పారిష్‌లలో ఆ నడక సాగుతోంది.

ఇక లాక్స్‌టన్ సంగతి. ఇంగ్లండులో చాలా చోట్ల రైతు ఇల్లు పొలం మధ్యలో ఒంటరిగా ఉంటుంది. లాక్స్‌టన్‌లో అలా కాదు. మన పల్లెల్లో లాగే ఇళ్లూ కొట్టాలూ వీధి వెంట ఉంటాయి, పొలాలు ఊరి చుట్టూ ఉంటాయి. ఆ పొలాలు మూడు పెద్ద మళ్లు. పడమటి మడి, దక్షిణపు మడి, మిల్లు మడి. ఒక్కో మడిలో కంచె లేదు, గోడ లేదు. అంతా పొడుగాటి పట్టీలు. ఒక్కో రైతుకు మూడు మళ్లలోనూ అక్కడొకటి, ఇక్కడొకటి పట్టీలుంటాయి. మంచి నేల అంతా ఒకడికి, చవుడు అంతా ఒకడికి పోకుండా చేసిన ఏర్పాటు అది. ఒక ఏడాది ఒక మడిలో శీతాకాలపు గోధుమ, రెండో మడిలో వసంతకాలపు పంట, మూడోది పడావు. మరుసటి ఏడు వంతు మారుతుంది. ఎప్పుడు ఏ మడిలో ఏం వేయాలన్నది ఏ ఒక్కరి ఇష్టమూ కాదు, ఊరందరి కట్టుబాటు.

ఒకప్పుడు ఇంగ్లండులో చాలా భాగం ఇలాగే సాగేది. 1604 నుంచి 1914 వరకు పార్లమెంటు అయిదు వేలకు పైగా చట్టాలు చేసి ఈ ఉమ్మడి మళ్లను కంచెలు వేసి పంచేసింది. లాక్స్‌టన్ తప్పించుకుంది. అక్కడి ఇద్దరు పెద్ద భూస్వాముల మధ్య ఒప్పందం కుదరకపోవడం అందుకు ఒక కారణమని చెబుతారు. 20వ శతాబ్దం మొదట్లో చిన్న పట్టీలను కలిపి కొంత పెద్దవి చేశారు గాని, పద్ధతి మాత్రం పోలేదు.

ఇప్పుడు నాకు ఎంతో ఇష్టమైన ఘట్టం చెబుతాను. నవంబరు చివర్లో ఒక గురువారం. చలి, తేమ, బూట్లకు అంటుకునే బంకమట్టి. అప్పటికి శీతాకాలపు గోధుమ విత్తనం పడి ఉంటుంది. ఊరి రైతులలోంచి ఎన్నుకున్న జ్యూరీ, పన్నెండు మంది, ట్రాక్టరు వెనక ట్రెయిలరు ఎక్కి ఆ గోధుమ మడికి బయలుదేరతారు. తమ వెంట కొయ్య మేకులు, వాటిని దిగ్గొట్టే సుత్తి. పట్టీకీ పట్టీకీ మధ్య, పట్టీకీ బాటకూ మధ్య హద్దు ఎక్కడో చూపు సారించి చూసి, అక్కడ మేకు కొడతారు. దున్నేటప్పుడు నాగలి ఎక్కడ గీత దాటిందో ఆ మేకే చెబుతుంది. ఎవరైనా బాటలోకి ఒక చాలు అదనంగా దున్నారా? మళ్ల మధ్య దున్నకుండా వదిలిన గడ్డిభూమిలోకి దూరారా? కాలువ పూడిక తీయలేదా? అన్నీ రాసుకుంటారు. అక్కడ తప్పు చేసిన రైతు కూడా జ్యూరీలో సభ్యుడే కావచ్చు. అందరి కళ్ల ముందే చూడాలి, అందరి కళ్ల ముందే ఒప్పుకోవాలి.

వారం గడిచాక ఊరి పబ్‌లో కోర్టు. దాన్ని కోర్ట్ లీట్ అంటారు. భూస్వామి తరఫున స్టీవార్డ్ కూర్చుంటాడు. జ్యూరీ తాను చూసింది చూసినట్టు చెబుతుంది. గీత దాటినవారికి జరిమానా పడుతుంది. చిన్న మొత్తమే. మరుసటి ఏటికి కొత్త జ్యూరీ ప్రమాణం చేస్తుంది. వేడుక కోసం జరిపే తంతు అనుకోకండి. 1977లో బ్రిటిష్ పార్లమెంటు ఇలాంటి పాత కోర్టుల అధికారాలను దాదాపు అన్నిచోట్లా తీసేసినప్పుడు, లాక్స్‌టన్‌కు మాత్రం మినహాయింపు ఇచ్చింది. అక్కడి తీర్పుకు నేటికీ చట్టబలం ఉంది.

జరిమానా చిన్నది. ఈ మాట మళ్లీ చెబుతున్నాను, జరిమానా చిన్నది. ఇరుగుపొరుగు ముందు పేరు చదవడం దానికంటే పెద్దది. ఒక చాలు వెడల్పు తప్పును ఆ ఏడాదిలోనే పట్టుకుంటారు కాబట్టి, అది ఇరవై ఏళ్లలో అరెకరం అయ్యే అవకాశమే ఉండదు. నా దృష్టిలో ఆ ఊరి తెలివంతా ఇక్కడే ఉంది.

వాళ్ల దగ్గర పటం కూడా ఉంది. 1635లో మార్క్ పియర్స్ అనే సర్వేయరు ఈ ఊరి పట్టీలన్నిటినీ గీశాడు. ఎవరిది ఏ పట్టీ అన్న లెక్కతో పాటు, దున్నే మనుషుల బొమ్మలు కూడా వేశాడు. ఆ పటం ఆక్స్‌ఫర్డ్‌లోని బోడ్లియన్ గ్రంథాలయంలో ఉంది. దాదాపు నాలుగు వందల ఏళ్ల పటం చేతిలో ఉన్నా, ఏటా మేకులు కొట్టడం వాళ్లు మానలేదు. యజమానులు మారినా మానలేదు. 1952లో ఆ భూములను బ్రిటన్ వ్యవసాయ మంత్రిత్వ శాఖ కొన్నది, 1981లో అవి రాచరికం పేరిట ఉన్న ఆస్తులను చూసే క్రౌన్ ఎస్టేటుకు వెళ్లాయి, 2020లో పాత భూస్వామి వంశీకుల థోర్స్‌బీ ఎస్టేటుకు తిరిగి చేరాయి. జ్యూరీ మాత్రం ప్రతి నవంబరులోనూ పొలానికి వెళ్తూనే ఉంది.

శ్రోతల్లో రైతులు ఎందరో ఉంటారు. మీతో ఒక్క మాట. మనకు కోర్ట్ లీట్ లేదు, కానీ ఏడాదికోసారి గట్టు మీద నడవడానికి అది అక్కర్లేదు. వేసవి దుక్కులు మొదలుకాకముందే, పైరు లేని రోజుల్లో, పక్క పొలం రైతును పిలిచి ఇద్దరూ కలిసి నడవండి. ఊళ్లో ఇద్దరి మంచీ కోరే పెద్దమనిషి ఒకరుంటే ఆయన్నూ రమ్మనండి. సర్వే రాయి ముళ్లపొదల్లో కూరుకుపోతే పొద కొట్టి బయటికి కనిపించేలా చేయండి. రాయి లేనిచోట కర్ర పాతి, ఇద్దరూ నిలబడి ఫోనులో ఫోటో తీసుకోండి, తేదీ వేసి ఇద్దరి దగ్గరా ఉంచుకోండి. ఇది హక్కు పత్రం కాదు, తేడా తేలకపోతే మండల సర్వేయరుతో కొలిపించుకోవలసిందే. ముందుగా, మీకు ఏ తగాదా లేని పొరుగువారితోనే మొదలుపెట్టండి. మాట పట్టింపు ఉన్నవారి గట్టు దగ్గరికి మలి ఏడు వెళ్లండి, అప్పటికి వాళ్లు మీ నడకను చూసే ఉంటారు.

నమస్కారం.