పవర్ ప్రెస్ కింద పోయిన వేళ్లకు పరిహారం లెక్క

మిత్రులారా,

పనిలో ప్రమాదం జరిగిందనగానే అందరూ అడిగే మాట ‘ఎంత ఇప్పిస్తారు?’ అని. ఇది బేరం కాదు, గుణింతం. నెల వేతనంలో 60 శాతం తీసుకుని, వయసుకు చట్టం ఇచ్చిన ఫ్యాక్టర్‌తో గుణించి, అందులో సంపాదన శక్తి ఎంత శాతం పోయిందో అంత ఇవ్వాలి. మనిషే పోతే 60 బదులు 50 శాతం, దాన్ని ఫ్యాక్టర్‌తో గుణిస్తే సరి. 1923 నాటి ఉద్యోగుల పరిహార చట్టం పద్ధతి ఇది. 2025 నవంబరు 21 నుంచి దాని స్థానంలోకి సామాజిక భద్రతా కోడ్ వచ్చింది, గుణింతం మాత్రం మారలేదు. అంతకుముందు జరిగిన ప్రమాదాల కేసులు ఇంకా నడుస్తున్నాయి గనుక పాత చట్టం ప్రకారమే చెబుతాను.

ఇంకో మాట. కార్మికుడికి ఈఎస్ఐ బీమా వర్తిస్తుంటే ఈ దారి లేదు. ఈఎస్ఐ చట్టం 53వ సెక్షన్ అడ్డొస్తుంది, వైకల్య ప్రయోజనం అక్కడే అడగాలి.

ఒక లెక్క వేద్దాం. పవర్ ప్రెస్, అంటే రేకును నొక్కి ఆకారం తీసే యంత్రం మీద పనిచేసే మనిషి, 30 ఏళ్లు నిండాయి, జీతం 18,000. కుడిచేతి చూపుడు వేలు, మధ్య వేలు మొదలంటా పోయాయి. 2020 జనవరి 3 నుంచి లెక్కలోకి తీసుకునే వేతనానికి పరిమితి 15,000, కాబట్టి పై 3,000 వదిలేయాలి. 15,000లో 60 శాతం 9,000. ముప్పై ఏళ్లకు ఫ్యాక్టర్ 207.98. గుణిస్తే 18,71,820. ఒక చేతికి రెండు వేళ్లు పోతే చట్టంలోని మొదటి షెడ్యూలు, అంటే ఏ గాయానికి ఎంత శాతమో చెప్పే పట్టిక, 20 శాతం అంటుంది. చేతికి రావాల్సింది 3,74,364 రూపాయలు. అదే బొటనవేలు ఒక్కటే పోయినా 30 శాతం. పట్టు అంతా బొటనవేలిలోనే ఉంటుంది కదా.

ఇప్పుడు యజమాని వచ్చి ‘నేనిచ్చేది పదివేలే’ అంటాడు. కార్మికుడి దగ్గర జీతం చీటీ లేదు. ఆ మాటే నిలబడితే పరిహారం 2,49,576కి పడిపోతుంది. ఒక్క కాగితం లేక పోయే సొమ్ము లక్షా పాతిక వేలకు దగ్గర! బ్యాంకు పాస్‌బుక్, హాజరు పట్టీ ఫొటో, ఫోన్‌లో జీతం పడిన మెసేజ్, ఏదైనా సరే ఆసుపత్రిలో ఉండగానే పోగుచేయండి. ఏమీ లేకపోతే ఆ పనికి ప్రభుత్వం ప్రకటించిన కనీస వేతనాల జీవో పట్టుకెళ్లండి. వయసుకు ఆధార్ ఒక్కటే చాలనుకోవద్దు, బడి సర్టిఫికెట్‌తో తేదీ కలుస్తుందో లేదో ముందే చూసుకోండి.

అసలు చిక్కు శాతం దగ్గర ఉంది. మనవాళ్లు పెన్షన్ కోసం తీసుకున్న సదరం సర్టిఫికెట్ తెచ్చి, పరిహారం తేల్చే అధికారి అయిన కమిషనర్ ముందు పెడతారు. అది ఒంటిలో వైకల్యం ఎంతో చెబుతుంది, సంపాదనలో ఎంత పోయిందో చెప్పదు. కాలు విరిగి మడమ తిరగని మనిషికి డాక్టరు 25 శాతం వైకల్యం అని రాశాడనుకోండి. అతను గుమస్తా అయితే నష్టం అంతకన్నా తక్కువ కావచ్చు. లారీ డ్రైవరైతే? క్లచ్ తొక్కలేడు, బతుకుతెరువే పోయింది. షెడ్యూలులో లేని గాయానికి సంపాదన నష్టాన్ని అర్హత గల డాక్టరే అంచనా వేయాలి. కాబట్టి ‘ఈ పని మళ్లీ చేయగలడా’ అన్న ప్రశ్నకు జవాబు సర్టిఫికెట్‌లో రాయించండి, అవసరమైతే డాక్టరును సాక్షిగా పిలిపించండి.

షెడ్యూలులో ఉన్న గాయమైనా అక్కడితో ఆగనక్కర్లేదు. ఎడమ చెయ్యి పోయిన వడ్రంగి కేసులో ఒంటి చేత్తో వడ్రంగం సాగదని కమిషనర్ నూరు శాతం నష్టం కట్టారు. 1975లో సుప్రీంకోర్టు దాన్ని సమర్థించింది. పరిహారం బాకీ పడేది తీర్పు రోజున కాదు, ప్రమాదం జరిగిన రోజునే అని కూడా ఆ తీర్పులోనే ఉంది. వడ్డీ అడిగేటప్పుడు ఇది గుర్తుంచుకోండి. నెలలోపు కట్టకపోతే ఏడాదికి 12 శాతం వడ్డీ, సరైన కారణం లేకపోతే అసలులో సగం దాకా జరిమానా. మన లెక్కలో మూడేళ్ల ఆలస్యానికి వడ్డీయే 1,34,000 దాటుతుంది. అర్జీలో వడ్డీ, జరిమానా విడివిడిగా రాయండి.

‘ఆసుపత్రి ఖర్చు మేమే పెట్టాం, పరిహారంలో తగ్గించండి’ అన్న వాదన నిలవదు. వైద్యానికి ఇచ్చింది పరిహారం కింద జమ కాదు. ‘వాడు కాంట్రాక్టర్ మనిషి’ అన్నదీ అంతే. 12వ సెక్షన్ కింద అసలు కంపెనీయే చెల్లించి, కాంట్రాక్టర్ దగ్గర తర్వాత రాబట్టుకోవాలి. తాగి ఉన్నాడన్న వాదన కొన్ని గాయాలకు పనిచేస్తుంది గానీ మరణానికీ శాశ్వత పూర్తి వైకల్యానికీ పనిచేయదు.

అర్జీ గడువు రెండేళ్లు. దాటితే ఆలస్యానికి కారణం చూపాలి. ఈలోగా యాభై వేలు చేతిలో పెట్టి తెల్లకాగితం మీద రాజీ సంతకం తీసుకుంటారు. కమిషనర్ దగ్గర రిజిస్టర్ కాని ఆ కాగితం పూర్తి పరిహారానికి అడ్డు కాదు. కమిషనర్ వేరే చెబితే తప్ప, యజమాని ఇచ్చిన ఆ డబ్బులో సగానికి మించి తగ్గించుకోలేడు కూడా. సంతకం పెట్టేశాను కదా అని అర్జీ వేయడం మానుకున్నవాళ్లు మీ వాడలో ఉంటే, ముందు ప్రమాదం తేదీ అడగండి.