ముందు గొంతు, తర్వాతే వేషం

అందరికీ నమస్కారం. ఒడిశాలోని మన బరంపురంలో హాస్యం అనగానే ఠాకురాణి అమ్మవారి జాతరలో వేసే వేషాలు గుర్తొస్తాయి. నేను మాత్రం వేషమే కనిపించని హాస్యం గురించి, అంటే రేడియో గురించి, మాట్లాడతాను.

1996లో బీబీసీ రేడియో 4లో ‘గుడ్‌నెస్ గ్రేషస్ మీ’ అనే హాస్య కార్యక్రమం మొదలైంది, చేసింది బ్రిటన్‌లోని మనవాళ్ళే. ప్రధాన నటులు నలుగురే: సంజీవ్ భాస్కర్, మీరా సియాల్, కుల్విందర్ ఘిర్, నీనా వాడియా. ఆ పేరులోనే ఎత్తిపొడుపు ఉంది. 1960లో పీటర్ సెల్లర్స్ అనే ఇంగ్లీషు నటుడు భారతీయ డాక్టరు యాసను అనుకరిస్తూ సోఫియా లోరెన్‌తో పాడిన పాట పేరది. ఎవరి యాస విని తెల్లవాళ్ళు నవ్వుకున్నారో, వాళ్ళ పిల్లలే ఆ పేరు లాక్కుని తిరిగి వెక్కిరించారు.

1998 జనవరిలో అది బీబీసీ టూ టెలివిజన్‌కి వెళ్ళింది. అందులో ఒక స్కెచ్, అంటే చిన్న హాస్య సన్నివేశం, గురించి ఇప్పటికీ చెప్పుకుంటారు. భారతీయ కుర్రకారు తాగేసి ఇంగ్లీషు హోటల్‌కి పోతారు. తెల్ల వెయిటరు పేరు ఖూనీ చేస్తారు. అన్నిటికన్నా చప్పటి వంటకం ఏదో తెమ్మంటారు. బ్రిటన్‌లో మనవాళ్ళ హోటళ్ళలో రాత్రిపూట జరిగే తంతునే తిరగేశారన్నమాట. ఆ వెయిటరు మొహం టీవీలోనే చూడాలి, రేడియోలో కుదరదు.

కానీ ఆ పదును రేడియో పెట్టిందే అంటాను. విగ్గు లేదు, చీర లేదు. నోరు విప్పగానే ఆ మనిషెవరో వినేవాడికి తెలిసిపోవాలి. నలుగురే దాదాపు అందరి గొంతులూ పలకాలి. కెమెరా వచ్చేసరికి మనుషులు తయారైపోయి ఉన్నారు, బట్టలు తొడగడమే మిగిలింది.

మన కుర్రాళ్ళు దీన్ని తిరగేసి చేస్తున్నారు. ముందు విగ్గు, నల్లకళ్ళద్దాలు. రీలు తీశాక డైలాగు వెతుకుతారు. (చూసి నేనూ నవ్వుతాననుకోండి, అది వేరే సంగతి.)

మనకు గొంతులకేం కరువు? 1936లో ఒడిశా ఏర్పడినప్పుడు ఇక్కడి తెలుగువాళ్ళం ఇటుపక్క పడ్డాం. మన తెలుగు విని శ్రీకాకుళం చుట్టాలు ముసిముసిగా నవ్వుతారు, మన ఒడియా విని భువనేశ్వర్‌వాళ్ళు నవ్వుతారు. పర్లాకిమిడిలో ఒక తీరు, గుణుపురంలో ఇంకో తీరు. ఫోన్లో కెమెరా ఆపేసి, రికార్డర్ నొక్కి మొదలెట్టండి.

ఒక స్కెచ్ నేనే ఇస్తాను. హైదరాబాద్ నుంచి పెళ్ళిచూపులకొచ్చారు. మన పెద్దాయన వాళ్ళ మాటలు శ్రద్ధగా విని మెచ్చుకుంటాడు: “ఫర్వాలేదండీ, అక్కడ పుట్టి పెరిగినా తెలుగు బాగానే మాట్లాడుతున్నారు!” ఎవరైనా రాసుకోండి, వాటా అడగను.