ప్రమోషన్ కేసులో మీరు పార్టీ కాకపోయినా తీర్పు మీ మీద పడుతుంది

(స్క్రీన్ మీద: సీనియారిటీ లిస్టు. 38, 41 నంబర్ల చుట్టూ ఎర్ర గీత)

ఈ లిస్టు చూడండి. 41వ నంబరు ఉద్యోగి కోర్టుకెళ్లాడనుకుందాం. తన సర్వీసు తప్పుగా లెక్కేశారని, తాను 38లో ఉండాలని ఆయన వాదన. కేసులో ఎదుటి పార్టీలు ఇద్దరే: ప్రభుత్వ కార్యదర్శి, శాఖాధిపతి. ఆయన గెలిస్తే 38, 39, 40లో ఉన్నవాళ్లు తలా ఒక మెట్టు దిగుతారు. ఖాళీలు 38 ఉంటే, నిన్నటిదాకా 38లో ఉన్న మనిషికి ప్రమోషన్ పోయినట్టే. ఆయనకు కేసు నడుస్తోందనే తెలియదు.

డిపార్ట్‌మెంటు చూసుకుంటుందిలే అనుకోవద్దు. అది తన ఉత్తర్వును సమర్థించుకుంటుంది, 38వ నంబరు తరఫున వాదించదు. ఒక్కోసారి కౌంటర్ (పిటిషన్‌కు రాతపూర్వక జవాబు) కూడా టైముకు పడదు.

(స్క్రీన్ మీద: 1984, ప్రబోధ్ వర్మ కేసు)

ఉత్తరప్రదేశ్ టీచర్ల వివాదంలో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చింది. తీర్పుతో నేరుగా దెబ్బతినేవాళ్లు పార్టీలుగా లేకుండా హైకోర్టు రిట్ (ప్రభుత్వ చర్యను సవాలు చేసే పిటిషన్) విచారించకూడదు. మరీ ఎక్కువమంది ఉంటే, కొందరినైనా మిగతావాళ్ల ప్రతినిధులుగా చేర్చాలి.

దీనికి మినహాయింపు ఉంది. 1974లో, సికింద్రాబాద్‌లోని దక్షిణ మధ్య రైల్వే జనరల్ మేనేజర్‌కీ ఉద్యోగులకీ మధ్య నడిచిన సిద్ధాంతి కేసులో, సీనియారిటీ లెక్కించే విధానాన్నే సవాలు చేస్తే రైల్వే ఒక్కటి పార్టీగా ఉంటే చాలని సుప్రీంకోర్టు అంది. అంటే అంతా ప్రేయర్‌లో, అంటే పిటిషన్‌లో కోర్టును ఏం అడుగుతున్నారన్న దానిలో ఉంది. ‘ఈ రూలు చెల్లదు’ అంటే ఒక దారి, ‘ఫలానా వాళ్లకంటే నన్ను పైన పెట్టండి’ అంటే ఇంకో దారి. చాలా పిటిషన్లు పైకి మొదటి మాట చెప్పి, కింద రెండోదే అడుగుతాయి. ఎదుటి లాయరు మొదట పట్టుకునేది అక్కడే. ఆ అనుమానం ఉంటే పేర్లు చేర్చడమే మేలు.

కేసు వేసేవాళ్లు లిస్టు ప్రింటు తీసి, అడుగుతున్న స్థానం నుంచి ప్రస్తుత స్థానం దాకా గీత గీయండి. మధ్యలో ఉన్న ప్రతి ఒక్కరూ పేరుతో సహా రెస్పాండెంటే (ఎదుటి పార్టీయే). 200 మంది ఉంటే, కొందరిని ప్రతినిధులుగా చేర్చడానికి కోర్టు అనుమతి అడగండి. లిస్టు పైభాగం నుంచీ కిందిభాగం నుంచీ కూడా తీసుకోండి, అందరి ప్రయోజనం ఒకటి కాదు. అడ్రసు దగ్గరే కేసులు ఆగిపోతుంటాయి. పాత ఆఫీసుకు నోటీసు వెళ్తుంది, మనిషి బదిలీ అయి ఉంటాడు, కవరు తిరిగొస్తుంది, వాయిదా పడుతుంది. ఇప్పుడు ఎక్కడ పనిచేస్తున్నారో కనుక్కుని రాయండి.

గడువు సంగతి. కేంద్ర ఉద్యోగులు క్యాట్‌కు (సెంట్రల్ అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్) వెళ్తారు. తుది ఉత్తర్వు నుంచి ఏడాదిలోపు ఓఏ (ఒరిజినల్ అప్లికేషన్, అంటే అక్కడ వేసే పిటిషన్) వేయాలి. శాఖకు పెట్టుకున్న రిప్రజెంటేషన్‌కు (వినతిపత్రం) ఆరు నెలల్లో జవాబు రాకపోతే, ఆ ఆరు నెలలు నిండిన రోజు నుంచి ఏడాది. ఏపీ, తెలంగాణ రాష్ట్ర ఉద్యోగులు హైకోర్టుకే వెళ్లాలి. అక్కడ ప్రమోషన్ కేసుకు రాసిపెట్టిన గడువు లేదు కానీ, ఆరు నెలలు, మహా అయితే ఏడాదిలో రావాలని సుప్రీంకోర్టు 1974లోనే అంది.

(స్క్రీన్ మీద: 14 రోజులు / 2 వారాలు)

ఇక మీరు 38వ నంబరు స్థానంలో ఉన్నారనుకోండి. మీకు చెప్పకుండా స్టే వచ్చిందా? క్యాట్ అయితే 1985 నాటి అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్స్ చట్టం 24వ సెక్షన్ చూడండి. ఎదుటివారికి కాగితాలు ఇవ్వకుండా, వాదన వినకుండా మధ్యంతర ఉత్తర్వు ఇవ్వకూడదు. డబ్బుతో పూడ్చలేని నష్టం ఉందని కారణాలు రాసి ఇస్తే, అది 14 రోజులకు రద్దవుతుంది, ఈలోగా ఆ రెండు పనులూ పూర్తిచేసి కొనసాగిస్తే తప్ప. హైకోర్టులో అయితే రాజ్యాంగం 226(3) అధికరణం. స్టే ఎత్తేయమని దరఖాస్తు పెట్టి, కాపీ ఎదుటి పక్షానికి ఇచ్చాక రెండు వారాల్లో తేల్చాలి. కానీ ఆ దరఖాస్తు పెట్టాలంటే మీరు ముందు పార్టీ అయి ఉండాలి. అందుకే ఇంప్లీడ్ పిటిషన్ (నన్నూ పార్టీగా చేర్చండి అనేది), స్టే ఎత్తేయమనే పిటిషన్ రెండూ ఒకే రోజు వేస్తారు.

తీర్పు వచ్చేసిన తరువాత తెలిస్తే? హైకోర్టు సింగిల్ జడ్జి తీర్పు అయితే, పార్టీ కానివాళ్లు కూడా కోర్టు అనుమతి అడిగి రిట్ అప్పీలు వేయొచ్చు. గడువు 30 రోజులు, దాటితే ఆలస్యం మాఫీ పిటిషన్ జత చేయాలి. క్యాట్ తీర్పు అయితే, 1997లో అజిత్ బాబు కేసు ప్రకారం, దెబ్బతిన్న ఉద్యోగి కొత్తగా ఓఏ వేసుకోవచ్చు.

ఈ పిటిషన్లకు నియామక ఉత్తర్వు, ప్రొబేషన్ డిక్లరేషన్, తాత్కాలిక లిస్టు, తేదీ ఉన్న రసీదుతో మీరిచ్చిన అభ్యంతరాలు, తుది లిస్టు జత చేయండి. అఫిడవిట్‌లో జాగ్రత్తగా రాయాల్సింది ‘నాకు తెలిసిన తేదీ’. వాట్సాప్‌లో మార్చిలో చూశానని రాసి, జనవరిలోనే సవరణ సర్క్యులర్ అందుకున్నట్టు ఆఫీసు తపాలా రిజిస్టర్‌లో మీ సంతకం ఉంటే, ఆలస్యం పిటిషన్ దగ్గరే కేసు ఆగిపోతుంది. సంతకం పెట్టే ముందు ఆ రిజిస్టర్ ఒకసారి తిరగేయండి.