జారుగడియ: జీడితోటలో 24 నిమిషాలు మాయం చెయ్యడం ఎలా

యాంకర్: నమస్కారం. ఈ వారం మన చేతిలో ఉన్నది ఒకటే పని. పలాస పక్కన ఉద్దానంలో ఒక జీడితోట. అందులో అప్పుడప్పుడూ ఒక గడియ జారిపోతుంది. లోపలున్నవాళ్లకి తెలీదు. పూర్తిగా కల్పితం, పేరు 'జారుగడియ' అని పెట్టాం. దీన్ని ఆడియో కథగా రాస్తే లెక్క ఎక్కడ తెగుతుందో చెప్పడానికి ఫిజిక్సు మాస్టారు ఉన్నారు. మాస్టారూ, గడియే ఎందుకండీ? గంట పెట్టుకోవచ్చుగా?

మాస్టారు: గంట పోతే ఇంట్లోవాళ్లు వెతుక్కుంటూ వచ్చేస్తారమ్మా. రెండు నిమిషాలు పోతే ఎవడికీ పట్టదు. గడియంటే 24 నిమిషాలు. "దారిలో ఎవరో కలిసుంటారులే" అని సరిపెట్టుకునేంత. పైగా లెక్క సుఖం. రోజుకి 60 గడియలు, సూర్యుడి చుట్టు 360 డిగ్రీలు, గడియకి 6 డిగ్రీలు. చెయ్యి బారుగా చాపి మూడు వేళ్లు కలిపి పట్టుకుంటే అయిదు డిగ్రీలు. అంతకన్నా ఓ పిసరు ఎక్కువ. రెప్పపాటులో సూర్యుడు అంత గెంతాలి.

యాంకర్: చాలామంది రాసేది 'కాలం నెమ్మదించింది' అని. మీకది నచ్చదు.

మాస్టారు: నచ్చకపోవడం కాదు, మనుషులు మాడిపోతారు! తోటలో కాలం సగం వేగంతో నడుస్తోందనుకో. బయట ఒక సెకనులో వచ్చే వెలుగంతా లోపల అర సెకనులోనే వచ్చి పడాలి. అది రెండింతలు. ప్రతి కిరణం తరచుదనం, అదే ఫ్రీక్వెన్సీ, కూడా రెట్టింపవుతాది కాబట్టి దాని శక్తి ఇంకో రెండింతలు. మొత్తం నాలుగు రెట్లు. మధ్యాహ్నం ఎండ చదరపు మీటరుకి ఇంచుమించు 1000 వాట్లు ఉంటే, లోపల 4000. ఎరుపు రంగు 700 నానోమీటర్ల నుంచి 350కి దిగిపోయి అతినీలలోహితం అయిపోద్ది, కంటికే కనపడదు. బయట కాకి అరిస్తే లోపల కీచుమంటాది. సెల్ టవర్ సంకేతం కూడా రెట్టింపు తరచుదనంలో వస్తాది, ఫోన్ దాన్ని పట్టుకోలేదు. ఇన్ని జరుగుతుంటే ఇంకా 'ఏదో తేడాగా ఉంది' అనే పాత్రని ఎవడు నమ్ముతాడు?

యాంకర్: అందుకే జారుడు.

మాస్టారు: అవును. నెమ్మదించడం లేదు, ఆగడం లేదు. ఆ నేల ముక్క ఒక గడియ దాటేసి అవతల దిగుతాది. లోపలివాడికి రెప్పపాటే. స్టీలు గ్లాసులో టీ ఇంకా పొగలు కక్కుతుంటాది, బయట మాత్రం 24 నిమిషాలు గడిచిపోయాయి.

యాంకర్: మన పురాణాల్లో ఉన్నదే కదండీ. కకుద్మి రాజు కూతురు రేవతిని వెంటబెట్టుకుని బ్రహ్మలోకం వెళ్లి, పాట అయ్యేదాకా ఆగి వచ్చేసరికి 27 చతుర్యుగాలు దాటిపోయాయి.

మాస్టారు: అందుకే ఈ ఆలోచన మనవాళ్లకి కొత్త కాదు. కానీ పురాణంలో లెక్క ఎవరూ అడగరు, నీ శ్రోత అడుగుతాడు. మొదటి ప్రశ్న ఇదే: ఆ 24 నిమిషాల్లో భూమి తిరగలేదా? పలాస అక్షాంశం దగ్గర నేల సెకనుకి 440 మీటర్లు పరిగెడుతుంటాది. 24 నిమిషాలకి 630 కిలోమీటర్ల పైమాటే. కాబట్టి మొదటి ఎపిసోడ్‌లోనే ఎవరో ముసలమ్మ చేత అనిపించు: "అది మట్టికి పట్టిన పీడ నాయనా, మనిషికి కాదు". మట్టితోపాటే తిరుగుతాదన్నమాట. ఆ ఒక్క ముక్కతో 630 కిలోమీటర్లు సర్దుకుంటాయి.

యాంకర్: హద్దు ఎక్కడ పెట్టాలి?

మాస్టారు: ఏరు దాటించకు, కరెంటు లైను దాటించకు, రోడ్డు అసలే వద్దు. పై నుంచి సెకనుకి వంద ఘనపు మీటర్లు వస్తున్న ఏటి మీద హద్దు గీశావంటే, గడియలో లక్షా నలభై నాలుగు వేల ఘనపు మీటర్ల నీళ్లు అక్కడ గుట్టపడాలి. కథ వదిలేసి వరద రాసుకోవాలి. చుట్టూ మొగలి డొంకలున్న తోట అయితే లోపలికి ఎవరూ చూడరు. ఇంకోటి, హద్దు మీద నిలబడ్డవాడి సంగతి. సగం మనిషి పోతాడా? 'పాదాలు ఏ మట్టి మీదుంటే మనిషి ఆ పక్క' అని నియమం పెట్టేసి మరి దాని జోలికి పోకు.

యాంకర్: సాక్ష్యం ఏమిటి? ఫోనేనా?

మాస్టారు: ఫోన్ పనికిరాదు, అదే దొంగ! తోట దాటి టవర్ అందగానే టైము తనంతట తనే సరిచేసుకుంటాది. సాక్ష్యం చెరిపేసినట్టే. చేతి గడియారమే మిగలాలి, ముళ్లది. 12 అయ్యేసరికి అది 11:36 చూపించాలి.

యాంకర్: అప్పుడు వెంటనే దొరికిపోరా? ఎండ చూసి చెప్పేస్తారు కదా.

మాస్టారు: ఏ నెలలో పెడతావన్నదాన్ని బట్టి ఉంటాది. ఇది అందరూ వదిలేసే విషయం, నాకు భలే ఇష్టం. మన దేశం గడియారం 82.5 డిగ్రీల రేఖాంశానిది. పలాస 84.4 దగ్గర. డిగ్రీకి 4 నిమిషాలు, అంటే మనకి సూర్యుడు గడియారం కన్నా ఏడున్నర నిమిషాలు పైన ముందే నడినెత్తికొస్తాడు. దీనికి తోడు భూమి కక్ష్య వల్ల, వంపు వల్ల నవంబరు మొదట్లో సూర్యుడు ఇంకో 16 నిమిషాలు ముందుంటాడు. రెండూ కలిపితే?

యాంకర్: ఇరవై నాలుగు!

మాస్టారు: గడియ! ఏ దెయ్యమూ లేకుండానే నవంబరులో పలాసలో నీడ పొట్టిగా ఉండేది 11:36కి. అదే ఫిబ్రవరి రెండో వారంలో 12:06కి. తోటలోంచి వచ్చినవాడు "నీడ తప్పింది" అంటాడు, ఊళ్లో చదువుకున్నాయన "నవంబరులో అంతేరా" అంటాడు. ఆయన చెప్పింది నిజమే! తోటవాడి గడియారంలో నీడ 11:12కే పొట్టిదైందని ఆయన అడగడు, అంతే. అక్కడ నాలుగు ఎపిసోడ్లు నడపొచ్చు. ఫిబ్రవరిలో పెట్టావంటే మొదటి రోజే తేలిపోద్ది.

యాంకర్: అరసవల్లి సూర్యదేవుడి గుడి వాడుకోవచ్చా?

మాస్టారు: వాడుకో, కానీ తేదీలు తప్పకు. మార్చి 9, 10, 11, మళ్లీ అక్టోబరు 1, 2, 3 ఉదయం స్వామి పాదాల మీద కిరణాలు పడేది. డిసెంబరు 21కి అటూ ఇటూ ఇంచుమించు ఎనభై రోజుల దూరంలో ఉన్న తేదీలవి, సూర్యుడు రెండుసార్లూ ఒకే దిక్కు నుంచి వస్తాడు. మబ్బు పడితే లేదు. కొద్ది నిమిషాల ముచ్చట కాబట్టి గడియ జారినవాడు తన వాచీని నమ్ముకుని వెళ్తే జనం తిరిగొస్తుంటారు.

యాంకర్: శబ్దం సంగతి చెప్పండి. జారిన క్షణం వినపడాలి కదా.

మాస్టారు: వుయ్‌మనే సంగీతం పెట్టకండమ్మా, దండం పెడతాను. దూరంగా హౌరా లైను మీద గూడ్సు వెళ్తుంటే, చప్పుడు సగంలో కత్తిరించినట్టు పోవాలి. తోటలో కీచురాళ్లు మాత్రం ఆగకూడదు. రెండు ట్రాకులు వేరువేరుగా రికార్డు చేసి, బయటిది ఒక్కటే తెంపండి. ఫేడ్ ఇస్తే రైలు దూరమైందనుకుంటారు.

యాంకర్: తోటలో కావలివాడి గుడిసెలో గడియ గిన్నె, అదే నీళ్లలో తేలుతూ సరిగ్గా గడియకి మునిగే చిల్లు గిన్నె, పెట్టాలన్నది నా కోరిక.

మాస్టారు: పెట్టు. అర లీటరు పట్టే పల్చటి రాగి గిన్నె, అడుగున మిల్లీమీటరు లోపు చిల్లు, వెడల్పాటి తొట్టిలో నీళ్లు. చిల్లు సన్నగానే మొదలెట్టు. తొందరగా మునిగితే చిల్లు పూడ్చలేవు, ఆలస్యంగా మునిగితే సూదితో కాస్త పెద్దది చెయ్యొచ్చు. స్టాప్‌వాచ్‌తో 24 నిమిషాలు వచ్చేదాకా అదే పని. నీళ్లు వడకట్టాలి, నలుసు అడ్డం పడితే లెక్క పోయినట్టే. సూర్యోదయం నుంచి సూర్యోదయానికి 60 సార్లు మునగాలి. కావలివాడు మునిగినప్పుడల్లా గోడ మీద బొగ్గుతో ఒక గీత గీస్తాడు.

యాంకర్: జారిన రోజు?

మాస్టారు: యాభై తొమ్మిదే ఉంటాయి. నిద్రపోయావని యజమాని కూలి కోస్తాడు.