ఇంటికి దూరంగా ఉన్న జైలు

మాష్టారు: విశాఖపట్నం నుంచి శ్రోతలందరికీ నమస్కారం. జైలు బదిలీకి అర్జీ ఎలా పెట్టుకోవాలో ఈ వారం చెబుతామని మాట ఇచ్చాము. లాయరమ్మా, ముందు అది చెప్పండి.

లాయరమ్మ: అది చెప్పడానికి ఎంతోసేపు పట్టదు, మాష్టారూ. శిక్ష పడిన ఖైదీ అయితే కారణాలు రాసి, ఆధారాలు జతచేసి, జైలు సూపరింటెండెంటు ద్వారా జైళ్ళ శాఖకు అర్జీ పంపుకోవాలి. వేరే రాష్ట్రంలోని జైలు కోరితే 1950 నాటి ఖైదీల బదిలీ చట్టం ప్రకారం రెండు ప్రభుత్వాలూ ఒప్పుకోవాలి. విచారణ ఖైదీకి ఆ చట్టం వర్తించదు కనుక, అతడు కోర్టునే ఆశ్రయించాలి. లాయరును పెట్టుకోలేనివారికి జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా సాయం చేస్తుంది.

మాష్టారు: ఇప్పుడు సెంట్రల్ పార్కు ఉన్నచోట మన పాత సెంట్రల్ జైలు ఉండేది కదా...

లాయరమ్మ: ఫలకం సంగతికి అప్పుడే వచ్చేశారా!

మాష్టారు: రాక తప్పదమ్మా. ఆ జైలు గోడ మీద పెట్టిన విద్యుత్తు తీగ గురించి ఖైదీలు వేసిన కేసులోనే, శిక్ష పడినంత మాత్రాన మనిషి తన ప్రాథమిక హక్కులన్నిటినీ పోగొట్టుకోడని 1974లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ మాటను పార్కు గేటు దగ్గర రాతి మీద చెక్కించాలని అడుగుతూనే ఉంటాను. అయినా, జైలు మార్చేముందు ఖైదీ మాట వినాలన్న మీ వాదనతో ఏకీభవించలేను. ఖైదీలను తరలించే స్వేచ్ఛ అధికారులకు ఉండాలి. 2005లో బీహారు రాజకీయ నాయకుడు పప్పూ యాదవ్‌ను పట్నాలోని బేవూరు జైలు నుంచి ఢిల్లీ తీహారు జైలుకు పంపించవలసి రాలేదా?

లాయరమ్మ: పంపించింది ఎవరు, మాష్టారూ? ఇరుపక్షాల వాదనలూ విన్న తరువాత సుప్రీంకోర్టే పంపించింది. నేను కోరుతున్నది కూడా అదే. ముంబయి ఆర్థర్ రోడ్ జైలులోని విచారణ ఖైదీలను వేరే జైళ్ళకు తరలించిన వ్యవహారంలో 2012లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు చూడండి. కోర్టు అనుమతి లేకుండా విచారణ ఖైదీని తరలించకూడదని, ఆ అనుమతి ఇవ్వడం గుమాస్తా ముద్ర వేసినట్టు జరిగిపోయే పని కాదని అందులో స్పష్టంగా ఉంది.

మాష్టారు: జైలు కిక్కిరిసిపోయినప్పుడు ఒక్కొక్కరి మాటా వింటూ కూర్చోవడం సాధ్యమా?

లాయరమ్మ: వినకపోతే ఆ భారం ఎవరి మీద పడుతుందో ఆలోచించండి. పాడేరు దగ్గరి గూడెంలో కూలి చేసుకునే తల్లి కొడుకును చూడాలంటే ఇప్పటి సెంట్రల్ జైలు ఉన్న అడవివరం రావడానికే ఒక రోజు కూలి పోతుంది. అతణ్ణి కడపకు మారిస్తే ఆమె రాత్రంతా రైల్లో వెళ్ళి, కొద్ది నిమిషాల ములాఖత్ చూసుకుని, మళ్ళీ అంత దూరమూ తిరిగి రావాలి. రెండోసారి వెళ్ళడానికి ఆమె దగ్గర డబ్బు ఉండదు. ఖైదీని అయినవాళ్ళు రాలేనంత దూరపు జైలుకు పంపించడం కూడా శిక్షే అవుతుందని సునీల్ బాత్రా కేసులో 1979లోనే సుప్రీంకోర్టు న్యాయమూర్తి జస్టిస్ కృష్ణయ్యర్ గుర్తించారు. వీలైనంతవరకు ఇంటికి దగ్గరలోని జైలులోనే ఉంచాలని 2015లో ఐక్యరాజ్యసమితి ఆమోదించిన మండేలా నియమాలలో 59వది చెబుతోంది. న్యాయమూర్తి రాయని శిక్షను దూరం వేయకూడదు, మాష్టారూ.

మాష్టారు: గంజాయి కేసుల్లో ఇక్కడ శిక్ష పడిన తమిళనాడు, కేరళ కుర్రవాళ్ళ తల్లిదండ్రులు భాష కూడా తెలియని ఊరికి వచ్చి గేటు దగ్గర నిలబడవలసిందేనా?

లాయరమ్మ: వాళ్ళకే 1950 చట్టం ఉపయోగపడాలి. రెండు రాష్ట్రాల మధ్య ఫైలు కదలకుండా ఉంటే శిక్షాకాలం గడిచిపోతుంది. అందుకే జవాబు ఇవ్వడానికి గడువు ఉండాలని, తిరస్కరిస్తే కారణం రాసి ఖైదీ చేతికి ఇవ్వాలని నేను పట్టుబడుతున్నాను.

మాష్టారు: ఆ విషయంలో మీతోనే ఉంటాను. ఫలకం విషయంలో మీరు నాతో ఉండాలి.

లాయరమ్మ: ఉంటాను. తల్లులైన ఖైదీల సంగతి మిగిలిపోయింది. ఆరేళ్ళ వయసు వరకు బిడ్డను తల్లి దగ్గర ఉంచుకోవచ్చని 2006లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తరువాత బిడ్డ బయటకు వెళ్ళిపోతే, తల్లిని ఏ జైలులో ఉంచారన్నది...

మాష్టారు: సమయం అయిపోయిందమ్మా, వచ్చే వారం అక్కడి నుంచే మొదలుపెడదాము.