నీరో చేతిలో ఫిడేలు లేదు

అధ్యక్షులకు, పెద్దలకు, వెనక నిలబడ్డ పిల్లలకు నమస్కారం. గ్రంథాలయ వారోత్సవాల్లో పుస్తకాల గొప్పతనం గురించి మాట్లాడమన్నారు. అది ఇప్పటికే ముగ్గురు చెప్పేశారు. నేను రోమ్ చక్రవర్తి నీరో గురించి చెబుతాను.

రోమ్ తగలబడుతుంటే నీరో ఫిడేలు వాయించాడట! వరదొచ్చినా, కరెంటు పోయినా మన పేపర్లకి ఈ మాట కావాల్సిందే. ఎనిమిదో తరగతిలో మా సారు ఇదే చెబితే నేను లేచి, "అప్పటికి ఫిడేలు ఉందా సార్?" అన్నాను. మా పెదనాన్న హరికథలకి ఫిడేలు వాయించేవారు. అది తెల్లదొరలతో వచ్చిన వాయిద్యమని ఆయనే చెప్పారు. అందుకే అడిగాను. పీరియడంతా బెంచీ ఎక్కించారు. ఇవాళ్టికీ మోకాళ్లు నొప్పి పెడితే ఆ సారే గుర్తొస్తారు.

ఫిడేలు పుట్టింది 16వ శతాబ్దంలో. రోమ్ కాలింది క్రీ.శ. 64 జూలైలో. నీరో వాయించేది కితారా అనే తీగల వాద్యం. మంట లేచిన రాత్రి అతను ఊళ్లోనే లేడు, ఆంటియం అనే సముద్రతీరపు ఊళ్లో ఉన్నాడు. వచ్చాక ఇళ్లు పోయినవాళ్లకి తన తోటలు తెరిచాడు, ధాన్యం ధర దించాడు. ఇది రాసింది నీరో అంటే పడని రోమన్ చరిత్రకారుడు టాసిటస్. మంటల వేళ పాట పాడాడన్నది ఆయన పుకారుగానే రాశాడు. ఇంకో చరిత్రకారుడు సుటోనియస్ వచ్చి దాన్ని నిజం చేసేశాడు.

రోమ్‌లో 14 వాడలుంటే చెక్కుచెదరనివి నాలుగే. ఆ తర్వాత నీరో వీధులు వెడల్పు చేయించాడు, మేడల ఎత్తుకి హద్దు పెట్టాడు, ఇంటికీ ఇంటికీ ఉమ్మడి గోడ ఉండకూడదన్నాడు. ఆ రూలు మా వీధిలో ఉంటే సగం గొడవలు ఉండేవి కావు!

అలాగని దేవుడేం కాదు. తల్లిని చంపించాడు. ఊరు తగలబెట్టిన నింద క్రైస్తవుల మీదకి నెట్టి, మనుషుల్ని బతికుండగానే కాల్పించాడు. కాలిన నేల మీదే తన బంగారు మేడ కట్టుకున్నాడు. వీటికి తిట్టండి, నేనూ గొంతు కలుపుతాను. ఫిడేలుకి మాత్రం వద్దు, మీకు దండం పెడతాను.

68లో, ముప్పై ఏళ్లకే చచ్చాడు. ఆ తర్వాత ఏళ్ల తరబడి అతని సమాధి మీద ఎవరో పూలు పెడుతూనే ఉన్నారట. ఇదీ సుటోనియసే రాశాడు. బెంచీ మీద నిలబెట్టినప్పుడు నాకివన్నీ తెలియవు. తెలిసుంటే...

చీటీ అందింది, ఆపుతున్నాను. పిల్లలూ, ముందు వరసలో కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి. వచ్చి కూర్చోండమ్మా, నిలబడకండి.